నిజాంపట్నం రేవులో వేలం వేసే వేషం

తెనాలిలో మా వీధి పిల్లలు సెల్‌ఫోన్ స్టాండు చంకన పెట్టుకుని నా దగ్గరికి వస్తుంటారు. నటనంటే ఏంటో ఒక్క ముక్కలో చెప్పమంటారు. ఒక్క ముక్కలో తేలిపోయేదైతే ఇన్నేళ్లు ఊళ్లు పట్టుకుని ఎందుకు తిరుగుతానర్రా అంటాను. నాకు ముక్కల్లో చెప్పడం రాదు. జరిగింది చెప్పడం వచ్చు. ఒకసారి చేతికందిన వేషాన్ని నా చేజేతులా పోగొట్టుకోబోయాను. అది పోకుండా ఆపినవాళ్లలో ఇద్దరితో నేను అంతకుముందు ఒక్క మాటైనా మాట్లాడి ఎరగను. ఆ సంగతి చెబుతాను. ఓపికుంటే వినండి, లేదంటే వెళ్లి మీ రీలు మీరు తీసుకోండి.

మాది రేపల్లె దగ్గర పల్లె. లూథరన్ కుటుంబం. మా నాన్న మిషన్ బడిలో పంతులు. క్రిస్మస్ నాటకంలో గొర్రెల కాపరిగా దుప్పటి కప్పుకుని నిలబడ్డప్పుడు నాకు పట్టిన పిచ్చి ఇంతవరకు దిగలేదు. గొంతు బాగుందని ఒక పెద్దమనిషి తెనాలి తీసుకొచ్చి పౌరాణిక నాటకాల సమాజంలో పడేశాడు. ఇక చూస్కోండి, శనివారం కిరీటం పెట్టుకుని దేవుడి వేషం, ఆదివారం చర్చిలో క్వయర్ పాట. ఎంత రుద్దినా చెవుల వెనక నీలం రంగు పోయేది కాదు. మా పాస్టరుగారు అది చూసి కూడా చూడనట్టే ప్రసంగం చేసేవారు. ఒక్కసారి మాత్రం గుమ్మం దగ్గర ఆపి, ఈ వారం నాటకం బాగా జరిగిందా అని అడిగారు. ఆయన పెద్దమనసు అప్పుడు నాకు అర్థం కాలేదు, సిగ్గుతో చచ్చాను.

మా పద్యనాటకాలకు ఒక రివాజు ఉంది. ఇప్పటి పిల్లలకు తెలియదు కాబట్టి చెబుతున్నాను. పద్యం నచ్చితే జనం “వన్స్ మోర్” అని కేకేస్తారు. కేకేశారంటే మళ్లీ పాడి తీరాలి. యుద్ధంలో పడి చచ్చినవాడైనా సరే, లేచి, దుమ్ము దులుపుకుని, జనానికి దణ్ణం పెట్టి, హార్మోనియం శ్రుతి అందుకుని, పాడిన పద్యమే మళ్లీ పాడి మళ్లీ చావాలి. బాపట్లలో ఒకసారి నేనలా చస్తూ లేస్తూ ఉంటే, ముందు వరసలో కూర్చున్న మా అత్తగారు మా ఆవిడతో, అల్లుడుగారు ఎప్పటికి పోతారే, నాకు నిద్రొస్తోంది అన్నదట. నవ్వులాటకి చెబుతున్నాను గానీ, ఆ కేక మాకు అన్నం. అది వినపడితే చాలు, ఒళ్లు దానంతటదే జనం వైపు తిరిగేది. ఏళ్ల తరబడి అలవాటైన ఒళ్లది.

తర్వాత నాటకాలు తగ్గాయి. టీవీ సీరియళ్లొచ్చాయి. నేనూ హైదరాబాదు బస్సెక్కాను. టీవీలో నన్ను చాలామంది డాక్టరుగా గుర్తుపడతారు. తెల్లకోటు వేసుకుని ఆపరేషన్ గదిలోంచి బయటికొచ్చి, కళ్లద్దాలు తీసి, ఇప్పుడే ఏమీ చెప్పలేం అనేవాణ్ణి. అన్నిసార్లు అన్నానేమో, మా వీధిలో ఒకావిడ మోకాళ్ల నొప్పులకు మందు రాసిమ్మని చీటీ పట్టుకొచ్చింది. అయితే ఆ డాక్టరు గొంతు నాది కాదు. హైదరాబాదులో ఎవరో కుర్రాడు చిన్న గదిలో కూర్చుని నా పెదాలు చూస్తూ నాకు గొంతిచ్చేవాడు. వాళ్ల తప్పు కాదులెండి. ఆఖరి వరసకు వినపడేలా అరిచే అలవాటు నాది, ఎంత తగ్గించుకోమన్నా తగ్గేది కాదు. టీవీ నాకు ఇల్లు నడిపింది, పిల్లల్ని చదివించింది, దాన్ని ఒక్క మాటంటే కళ్లు పోతాయి. కానీ ఏ గొంతుకైతే జనం కేకలేశారో ఆ గొంతే అక్కర్లేదంటే మనిషికి ఎలా ఉంటుందో మీరే ఊహించుకోండి. మా అత్తగారు టీవీ ముందు కూర్చుని, నోరు అల్లుడుగారిది, మాట ఎవరిదో అని గొణుక్కునేది. నేను వంటింట్లోకి వెళ్లిపోయేవాణ్ణి.

అలాంటి రోజుల్లో ఒక సినిమా వచ్చింది. డైరెక్టరు బాపట్ల అమ్మాయి, మా పెద్దమ్మాయి ఈడు. డబ్బింగ్ ఉండదంది. కాలర్ కింద చిన్న మైకు పెట్టి, అక్కడికక్కడే ఎవరి గొంతు వాళ్లదే పట్టేస్తారట. నన్నెక్కడ చూశావమ్మా అని అడిగాను, డాక్టరు వేషాలు లెక్కపెట్టబోతుందేమో అనుకుంటూ. ఆమె అసిస్టెంటుగా ఉన్న రోజుల్లో ఏదో సీరియల్ షూటింగులో నన్ను చూసిందట. సీనులో మాట్లాడింది ఆమెకు గుర్తులేదు. సీనయ్యాక ప్రొడక్షన్ కుర్రాణ్ణి టీ అడిగానట, ఆ గొంతు గుర్తుందట.

“ఆ గొంతే కావాలి బాబాయ్‌గారూ. సీనులోది వద్దు,” అంది.

నాకు ఒళ్లు మండింది. ఇన్నేళ్ల సాధకం టీ అడగడానికా అనుకున్నాను. పైకి మాత్రం నవ్వి, సరేనమ్మా అన్నాను. నవ్వడం నాకు వృత్తిరీత్యా వచ్చు.

వేషం ఏంటంటే, నిజాంపట్నం హార్బర్లో చేపల వేలం వేసే మనిషి. అతని కొడుకు వేటకెళ్లాడు. మిగతా బోట్లన్నీ తిరిగొచ్చాయి, కొడుకున్న బోటు రాలేదు. అయినా చేప ఆగదు కదా, మంచు కరిగిపోతుంది, కొనేవాళ్లు వచ్చి నిలబడ్డారు. అతను వేలం వెయ్యాలి. ఇదీ సినిమాలో మొదటి సీను. దాని మీదే కథంతా నిలబడి ఉంటుంది. ఈ సీనులో ఏడుపు లేదండి, ధర మాత్రమే ఉంది, అని ఆ అమ్మాయి నాకు పదిసార్లు చెప్పింది. నేను పదిసార్లూ తలూపాను.

నిర్మాతకు నేను ఇష్టం లేదు. చెడ్డవాడని కాదు, సొంత ఊళ్లో పొలం అమ్ముకుని సినిమా తీస్తున్నవాడు, జనం గుర్తుపట్టే మొహం కావాలన్నాడు. హైదరాబాదులో ఒక సీనియర్ నటుడు ఉన్నాడు. ఆయనైతే పోస్టరు మీదికి బాగుంటుందని అతని పట్టు. చివరికి ఆ అమ్మాయి, వేలం సీను ముందు తీద్దాం, బాబాయ్ సరిపోతే సరే, లేకపోతే మారుద్దాం అని ఒప్పించింది. ఆ మాట నా దగ్గర దాచలేదు. దాచకుండా చెప్పినందుకు ఇప్పటికీ ఆమెకు మొక్కుతాను. నాకప్పటికి యాభై దాటి చాలా కాలమైంది. చేతిలో ఉన్న సీరియల్ అయిపోయింది. ఈ వేషం పోతే నా గొంతు ఇక తెర మీద వినపడదని నాకు తెలుసు, మా ఆవిడకూ తెలుసు. బయల్దేరేటప్పుడు ఆవిడ బ్యాగులో రెండు తువ్వాళ్లు ఎక్కువ పెట్టింది.

వారం ముందే వెళ్లి హార్బర్లో కూర్చున్నాను. అసలు వేలం వేసే మనిషి పక్కన నిలబడి చూశాను. అతను పెద్దగా అరవడు. చేపల కుప్ప చుట్టూ జనం మూగితే, సంతలో పలకరించినట్టు ధర చెప్పుకుంటూ పోతాడు. ఒకటోసారి, రెండోసారి, మూడోసారి, అంతే, కుప్ప చేతులు మారిపోతుంది. ఇందులో నటించడానికేముంది అనిపించింది. మనం దీన్ని నిలబెట్టాలి అనుకున్నాను. అదే నా కొంప ముంచింది.

మొదటి రోజు పొద్దున్నే నిజం బోట్లు, నిజం చేపలు, నిజంగా కొనేవాళ్లే చుట్టూ. వేలం వేళ దాటితే సరుకు లారీల్లోకి ఎక్కిపోతుంది, కాబట్టి రోజుకు ఒక్కసారే అవకాశం. షూటింగ్ అని తెలిసి చుట్టుపక్కల పల్లెల జనమంతా వచ్చారు. వలలు ఆరేసే కట్టల మీద, బోట్ల మీద, ఎక్కడ చూసినా మనుషులే. అమ్మాయి యాక్షన్ అంది. నేను జనాన్ని చూశాను. అన్నేళ్ల తర్వాత అంతమంది జనాన్ని ఎదురుగా చూశాను.

ఇంకేముంది. ఒకటోసారి అనేసరికే గొంతు లేచింది. రెండోసారికి కళ్లలో నీళ్లు తిరిగాయి, తిప్పాను. మూడోసారి అన్నప్పుడు సముద్రం వైపు చెయ్యి చాచి, ఆ మాటను రాగం తీసి, అటూ ఇటూ తిప్పి, ఆకాశంలోకి వదిలాను. అప్పుడు బోటు మీదున్న ఒక పెద్దాయన గొంతు చించుకుని “వన్స్ మోర్” అన్నాడు. వెంటనే ఈలలు, చప్పట్లు, రేవు మొత్తం అదే కేక.

నా ఒళ్లు దానంతటదే అటు తిరిగిపోయింది. నా ప్రమేయం లేదండీ, దేవుడి తోడు. జనం వైపు తిరిగి, చేతులు జోడించి, వంగి దణ్ణం పెట్టి, కొడుకు సముద్రంలో పోయిన మనిషిని, చిరునవ్వు నవ్వి, మళ్లీ ఒకటోసారి దగ్గర నుంచి ఎత్తుకున్నాను. హార్మోనియం లేదని కూడా తోచలేదు. కట్ అని ఎప్పుడన్నారో నాకు వినపడలేదు. కెమెరా కుర్రాడు వచ్చి భుజం మీద చెయ్యి వేస్తే అప్పుడు తెలివొచ్చింది. అప్పటికే చేపలు లారీలెక్కుతున్నాయి. నిర్మాత తల పట్టుకుని ఐసు పెట్టె మీద కూర్చున్నాడు. అమ్మాయి నన్ను ఒక్క మాట అనలేదు. తిట్టినా బాగుండేది.

మధ్యాహ్నానికి హైదరాబాదు ఫోన్ వెళ్లింది. సీనియర్ నటుడు మర్నాడు పొద్దెక్కేసరికల్లా కార్లో వస్తున్నాడని మేనేజరు నా చెవిన వేశాడు. కాసేపటికి కాస్ట్యూమ్స్ చూసే అబ్బాయి వచ్చి నా గది గుమ్మంలో నిలబడ్డాడు. ఎంతకీ విషయం చెప్పడు. చివరికి నేనే చొక్కా విప్పి చేతికిచ్చాను. ఆయనకు కాస్త వదులు చెయ్యాలంట సార్ అని నేల చూసుకుంటూ వెళ్లిపోయాడు. నా చొక్కా, అదీ నా కళ్లెదుటే, ఇంకొకరి కొలతకు వెళ్లిపోయింది. మా ఆవిడకు ఫోన్ చేసి, షూటింగు ఒకటే రోజంట, వచ్చేస్తున్నాను అన్నాను. ఆవిడ ఏం జరిగిందని అడగలేదు. రేపల్లెలో బస్సులు దొరుకుతాయి, చీకటి పడకుండా బయల్దేరమంది.

బ్యాగు సర్దుకుంటుంటే, పొద్దున కేకేసిన పెద్దాయన భార్యను వెంటబెట్టుకుని వచ్చాడు. వలలు బాగుచేసే మనిషి. రేపల్లెలో మా నాటకం ఎప్పుడు జరిగినా సైకిల్ తొక్కుకుంటూ వచ్చేవాడట. దూరం నుంచి చూడటమే తప్ప నన్నెప్పుడూ పలకరించింది లేదు. భార్య చేపలు కొని ఊళ్లమ్మట అమ్మే మనిషి, నోరున్న మనిషి. మేనేజరు మాటలు ఆవిడ చెవిన పడ్డాయట. ఆయన నా ఎదురుగా కూర్చోలేక నిలబడే ఉన్నాడు.

“నా నోటి దూల మీ వేషం మీదికొచ్చింది మాస్టారూ. మిమ్మల్ని చూసేసరికి అది నాటకం కాదని మర్చిపోయానండి,” అన్నాడు.

నేనూ మర్చిపోయాను కదయ్యా, ఇద్దరిదీ ఒకటే జబ్బు అన్నాను. ఆయన నవ్వలేదు. భార్య మాత్రం, జబ్బుల సంగతి తర్వాత, ముందు ఆ నిర్మాత బాబు ఎక్కడున్నాడు అని అడిగింది. చెప్పేలోపే నడక మొదలుపెట్టింది. మేమిద్దరం ఆవిడ వెనక పడ్డాం.

నిర్మాత, ఆ అమ్మాయి ఐసు ఫ్యాక్టరీ అరుగు మీద కూర్చుని ఉన్నారు. ఆవిడ వాళ్ల ఎదురుగా నిలబడి కొంగు దోపుకుంది. పెద్దగా మాట్లాడలేదు. హార్బర్లో అందర్నీ దబాయించే మనిషి అంత నెమ్మదిగా మాట్లాడటం అక్కడి వాళ్లెవరూ చూసి ఉండరు.

“తప్పు మాది బాబూ. బోటు రాని రోజు రేవు ఎలా ఉంటుందో మాకు తెలుసు. ఆ రోజు మేం ఎవ్వరం నోరెత్తం. పొద్దున ఈయన కొడుకు బోటు రాని మనిషిగా నిలబడి వేలం వేస్తుంటే మేం ఈలలేశాం. రేపు మేమంతా బోటు రాని రోజు ఎలా ఉంటామో అలా ఉంటాం. ఈయన్నే పెట్టి తీయండి.”

నిర్మాత, అంతమంది జనం నోళ్లు నువ్వు మూయిస్తావా అన్నాడు. మూయించను, చెప్తాను అంది ఆవిడ. కొత్తాయన వచ్చినా జనం అరవరని ఏంటి నమ్మకం అని కూడా అడిగాడు. ఆయన సంగతి మాకు తెలియదు బాబూ, ఈయన కోసమైతే మేం మాటిస్తున్నాం అంది. అప్పుడు అమ్మాయి, ఆయన కారు వచ్చేలోపు పొద్దున వేలం ఒకటి ఉంది కదా సార్, ఎలాగూ కెమెరా ఖాళీయే అంది. నిర్మాత లేచి నిలబడి, ఒక్కసారి, ఆ తర్వాత నన్నేమీ అడగొద్దు అన్నాడు. ఆ అరుగు మీద ఆ మాట ఆయన అనకపోతే నేనివ్వాళ మీకు చెప్పడానికి ఏమీ ఉండేది కాదు. ఆయన చెడ్డవాడు కాదని ముందే చెప్పాను.

మొగుడూపెళ్లాలిద్దరూ ఆ సాయంత్రమే చుట్టుపక్కల పల్లెలన్నీ తిరిగారు. ఏ ఇంట్లో ఏం చెప్పారో నాకు తెలియదు. ఆ పల్లెల్లో బోటు రాని రోజు చూడని ఇల్లు ఉండదు, కాబట్టి ఎక్కువ చెప్పనక్కర్లేకపోయిందేమో.

మర్నాడు పొద్దున నేను రేవులోకి దిగేసరికి నిన్నటికంటే ఎక్కువ మంది ఉన్నారు. కట్టల మీద, బోట్ల మీద, ఐసు పెట్టెల మీద. ఒక్కరి నోరు పెగల్లేదు. చంకలో బిడ్డలున్న తల్లులు బిడ్డల్ని తీసుకుని వెనక్కి, ఎండుచేపల కళ్లాల వైపు వెళ్లిపోయారు. సముద్రం చప్పుడు, గట్టుకు బోటు తగిలే చప్పుడు, అంతే. కాస్ట్యూమ్స్ అబ్బాయి తెచ్చిన చొక్కా నా ఒంటి మీద వేలాడుతోంది. కుట్టు విప్పేశాడు కదా మరి. బిగించమంటారా అని అడిగితే అమ్మాయి వద్దంది. తిండి తినని మనిషిలా ఉన్నారు, అలాగే ఉండండి అంది.

యాక్షన్ అన్నాక జనం వైపు చూశాను. కేకేస్తారని ఎదురుచూడటానికి అక్కడ ఏమీ లేదు. వాళ్లు నా వైపు నాటకం చూస్తున్నట్టు చూడటం లేదు. నాకు జరగరానిది జరిగినట్టు, నన్ను పలకరించడానికి ధైర్యం చాలనట్టు చూస్తున్నారు. అలా చూసే మనుషుల ముందు రాగం ఎలా తీస్తావు? గొంతు దానంతటదే దిగిపోయింది. ధర చెప్పాను. ఎవరో తలూపితే ఇంకో ధర చెప్పాను. ఒకటోసారి అన్నాను. రెండోసారి అన్నాను. మూడోసారి అనబోతే నోరు రాలేదు. అది అనేస్తే వేలం అయిపోతుంది, అందరూ వెళ్లిపోతారు, బోటు రానట్టే లెక్క. అందుకని మళ్లీ రెండోసారి అన్నాను. అది కాగితంలో లేదు. సముద్రం వైపు చూసి ఇంకోసారి రెండోసారి అన్నాను. కొనేవాళ్లు తొందరపెట్టలేదు. ఎదురుగా ఆ చేపలమ్మే ఆవిడ చూపు నేలకు దించేసింది. అప్పుడు, టీ అడిగినంత మామూలుగా, మూడోసారి అన్నాను. చేపల కుప్ప పక్కకు జరిగింది.

కట్ అన్నారు. ఎక్కడా చప్పుడు లేదు. చప్పట్లు లేవు, ఒక్క ఈల లేదు. నాటకంలో పద్యం అయ్యాక అలాంటి నిశ్శబ్దం వస్తే మేకప్ తుడుచుకుని వెనక గుమ్మంలోంచి వెళ్లిపోవడమే. అమ్మాయి వైపు చూశాను, ఆమె తల మానిటర్ మీద నుంచి లేవలేదు. నిర్మాత వైపు చూశాను. ఆయన పక్కన తెల్లచొక్కా మనిషి ఒకాయన నిలబడి ఉన్నాడు. గుర్తుపట్టాను. హైదరాబాదు నుంచి కారు అనుకున్నదానికంటే ముందే వచ్చేసింది. సీను మొత్తం ఆయన అక్కడే నిలబడి చూశాడు.

ఆ నిశ్శబ్దంలో మొదట వినపడింది ఆయన మాటే. నిర్మాతతో మెల్లగానే అన్నాడు గానీ రేవంతటికీ వినపడింది.

“ఈ వేషంలో మనిషి ఉన్నాడు కదయ్యా. నన్నెందుకు పిలిపించావు?”

నిర్మాత తలూపాడు. జనంలో ఇంకా ఎవరూ కదల్లేదు. చేపలమ్మే ఆవిడ నాలుగడుగులు ముందుకొచ్చి, కళ్లొత్తుకుంటున్న ఆ అమ్మాయిని అడిగింది.

“ఇంక మాట్లాడొచ్చా అమ్మా?”

నేను ఐసు పెట్టె మీద కూలబడి, అంతమంది ముందు, చిన్నపిల్లాడిలా ఏడ్చేశాను. నా వేషం నాకు మిగిలిందని ఏడ్చాను. నన్ను నిలబెట్టడానికి ఒక ఊరు ఊరంతా తమ కష్టాన్ని తలుచుకుని నోళ్లు కట్టుకుని నిలబడిందని ఏడ్చాను. ఆ సీనియరు నా పక్కన వచ్చి కూర్చున్నాడు. నా వేషం కోసం రాత్రంతా ప్రయాణం చేసి వచ్చిన మనిషి, అలిసిపోయి ఉన్నాడు. నా ఏడుపు తగ్గేదాకా ఆగి, మోకాలి మీద తట్టాడు.

“లే తమ్ముడూ. సాయంత్రం దాకా నీకు పనుంది.”